కాగితం గోడకుంది, కాపలా ఎక్కడుంది?

మున్సిపాలిటీలో ఫీజు కడతాం. రసీదు తీసుకుంటాం. లైసెన్సు కాగితానికి ఫ్రేము కట్టించి, లక్ష్మీదేవి పటం పక్కన మేకు కొట్టి మరీ తగిలిస్తాం. "హమ్మయ్య, ఇక మన దుకాణానికి ఢోకా లేదు" అనుకుంటాం. బాగానే ఉంది. కానీ ఒకరోజు పొద్దున్నే నలుగురు మనుషులు వచ్చి "ఇక్కడ దుకాణం నడవనియ్యం, షట్టర్ దించు" అంటే? గోడమీది ఆ కాగితం అప్పుడు ఏం చేస్తుంది?

ఏమీ చేయదు. దానికి నోరు లేదు, చేతులు లేవు. దాని తరఫున మాట్లాడాల్సింది దాన్ని ఇచ్చిన ప్రభుత్వమే. ప్రభుత్వం తరఫున ఆ నలుగురి ముందు నిలబడాల్సింది పోలీసే. ఆ పోలీసు రానప్పుడే మనిషి కోర్టు మెట్లెక్కుతాడు. "అన్ని అనుమతులూ తీసుకుని చిన్న వ్యాపారం పెట్టుకున్నాను. కొందరు నడవనివ్వడం లేదు. స్టేషన్లో చెబితే పట్టించుకోలేదు. రక్షణ ఇప్పించండి మహాప్రభో" అంటూ హైకోర్టుల్లో రిట్ పిటిషన్లు వేసేవాళ్ళు మన దేశంలో ఎప్పుడూ ఉన్నారు. లైసెన్సు సక్రమంగా ఉందని తేలితే "రక్షణ ఇవ్వండి" అని కోర్టులు పోలీసులకు చెబుతూనే ఉన్నాయి.

అలాంటి వార్త పేపర్లో చదివితే మనకు సంతోషంగానే ఉంటుంది. ఉండాలి కూడా. కానీ ఒక్క క్షణం ఆగి ఆలోచించండి. చట్టప్రకారం నడిచే దుకాణాన్ని కాపాడమని పోలీసులకు ఒక హైకోర్టు జడ్జిగారు చెప్పాల్సి రావడమేమిటి? అది వాళ్ళ రోజువారీ పని కాదూ? కోర్టు ఉత్తర్వుతో వచ్చిన రక్షణను చూసి చప్పట్లు కొట్టే ముందు, ఉత్తర్వు లేకుండానే అది ఎందుకు రాలేదని అడగాలి. నా బాధంతా అదే.

తాండూరు నుంచి హైకోర్టు ఎంత దూరం?

మన వికారాబాద్, తాండూరు ప్రాంతాన్నే తీసుకుందాం. 2016లో కొత్త జిల్లా అయింది. తాండూరు అనగానే నాపరాయి గుర్తొస్తుంది, కందిపప్పు గుర్తొస్తుంది. ఆ కందులకు 2022లో భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. గనుల్లో, రాళ్ళ పాలిష్ యూనిట్లలో, పప్పు మిల్లుల్లో పనిచేసేవాళ్ళకు, లారీ డ్రైవర్లకు పొద్దున్నే టిఫిన్ కావాలి, మధ్యాహ్నం రొట్టె కావాలి. కర్ణాటక సరిహద్దు కదా, జొన్నరొట్టె లేనిదే ముద్ద దిగనివాళ్ళు ఎందరో. ఆ ఆకలే ఎందరో ఆడవాళ్ళకు బతుకుదెరువు.

ఒక అక్కను ఊహించుకుందాం. ఎవరో ఒకరు కాదు, ఇలాంటివాళ్ళు ఏ ఊళ్ళోనైనా ఉంటారు. పొదుపు సంఘంలో లోను తీసుకుంది. చిన్న మడిగె అద్దెకు పట్టింది. మున్సిపాలిటీ నుంచి ట్రేడ్ లైసెన్సు తీసుకుంది, ఆహార భద్రత చట్టం కింద రిజిస్ట్రేషన్ చేయించుకుంది. రొట్టెలు, పప్పు, పల్లీల చట్నీ. నాలుగు నెలల్లో గిరాకీ బాగా కుదిరింది. అంతే, మొదలు. ముందు "నెలనెలా మాకెంతిస్తవ్?" అని ఒకడు. తర్వాత "ఈ గల్లీలో హోటల్ వద్దు" అని ఇంకొందరు. ఆ తర్వాత గిరాకీని అదిలించడం, బెంచీలు ఎత్తిపడేయడం.

ఆ అక్క స్టేషన్‌కు పోతుంది. ఏం వినిపిస్తుంది? "ఇది సివిల్ మ్యాటరమ్మా, మాకు సంబంధం లేదు. కోర్టుకు పోయి తేల్చుకో" అనో, "ఆడమనిషివి, ఎందుకొచ్చిన లొల్లి? ఇంకోచోట పెట్టుకోరాదూ?" అనో. అందరు పోలీసులూ ఇలా అంటారని నేననను. విన్న వెంటనే జీపు వేసుకొచ్చే ఎస్సైలూ ఉన్నారు. కానీ అంత అదృష్టం ఉన్న ఎస్సై దగ్గర పడితేనే మన బతుకు నిలుస్తుందంటే, ఇక చట్టమెందుకు?

సరే, కోర్టుకు పోవాలి. ఏ కోర్టు? హైకోర్టు. తాండూరు నుంచి హైదరాబాద్ నూరు కిలోమీటర్ల పైమాటే. వికారాబాద్ నుంచైనా డెబ్బైకి తక్కువ కాదు. మన అనంతగిరి కొండల్లో పుట్టిన మూసీ నది హైకోర్టు పక్కనుంచే పారుతుంది. నీళ్ళు వాటంతటవి పోతాయి, మనిషి పోవాలంటే మాత్రం వకీలు కావాలి, ఫీజు కావాలి, పొద్దున రైలెక్కి రాత్రికి ఇల్లు చేరే ఓపిక కావాలి. పొయ్యి వెలగని ప్రతి రోజూ గ్యాసు బండ బాకీ, కూరగాయల బాకీ, మడిగె కిరాయి, సంఘం కిస్తీ పెరుగుతూనే ఉంటాయి. పెద్ద కంపెనీకి పదిహేను రోజులు పని ఆగితే లెక్కల పుస్తకంలో నష్టం రాసుకుంటుంది. మన అక్కకు పదిహేను రోజులు ఆగితే దుకాణమే ఉండదు. రేపు ఉత్తర్వు చేతికొచ్చేసరికి కాపాడటానికి ఏముంటుంది?

సివిలా, క్రిమినలా?

"సివిల్ మ్యాటర్" అనే మాట దగ్గర మనం కాస్త ఆగాలి. ఎందుకంటే మనల్ని వెనక్కి పంపించే మాట అదే.

మడిగె ఎవరిది, అద్దె ఎంత, ఖాళీ చేయాలా వద్దా, గోడ ఎవరి హద్దులో ఉంది వంటివన్నీ సివిల్ తగాదాలే. వాటిని తేల్చే అధికారం పోలీసులకు లేదు. ఆ మాట నిజమే. తేలుస్తామని పోలీసులు కూర్చుంటే అది ఇంకా ప్రమాదం. కానీ బెంచీ విరగ్గొట్టడం సివిల్ కాదు. "డబ్బులివ్వకపోతే నడవనియ్యం" అనడం సివిల్ కాదు. "నీ అంతు చూస్తాం" అనడం సివిల్ కాదు. దౌర్జన్యం, బెదిరింపు, బలవంతపు వసూలు ఏ రోజైనా నేరాలే. పాత భారతీయ శిక్షాస్మృతిలోనూ నేరాలే, 2024 జూలై 1 నుంచి దాని స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహితలోనూ నేరాలే. ఒకే గొడవలో సివిల్ ముక్క ఒకటి, క్రిమినల్ ముక్క ఒకటి ఉండొచ్చు. మొదటిది చూపించి రెండోదాన్ని పట్టించుకోకపోవడం తప్పు.

బలవంతపు వసూలు లాంటి కేసు పెట్టదగిన నేరం జరిగిందని ఫిర్యాదులో తెలుస్తుంటే, ఎఫ్ఐఆర్ కట్టి తీరాల్సిందేనని 2013లో లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. స్టేషన్లో తీసుకోకపోతే అదే ఫిర్యాదును పోస్టులో జిల్లా ఎస్పీకి పంపొచ్చు. అక్కడా ఫలితం లేకపోతే మెజిస్ట్రేటు కోర్టులో దరఖాస్తు పెట్టుకోవచ్చు. ఇది కొత్త నాగరిక సురక్షా సంహిత 173వ సెక్షన్‌లో స్పష్టంగా ఉంది.

ఇంకో దారి మనవాళ్ళందరికీ తెలిసిందే, బైండోవర్. గొడవ చేస్తారని తెలిసిన మనుషులను తహసీల్దారు ముందు హాజరుపరిచి, "శాంతి భంగం కలిగించం" అని పూచీకత్తు రాయించుకునే పద్ధతి. ఎన్నికలప్పుడు ఊరూరా చేస్తారే, అదే. ఒక ఆడమనిషి పొయ్యి మీద నీళ్ళు పోయడానికి వచ్చేవాళ్ళ విషయంలో మాత్రం అది ఎవరికీ గుర్తురాదెందుకో!

కోర్టు ఇచ్చేదేమిటి, ఇవ్వనిదేమిటి?

రాజ్యాంగంలోని 19వ అధికరణం ప్రతి పౌరుడికీ, పౌరురాలికీ నచ్చిన వృత్తి, వ్యాపారం చేసుకునే హక్కు ఇచ్చింది. ప్రజాహితం కోసం ప్రభుత్వం దానికి సహేతుకమైన షరతులు పెట్టొచ్చు. లైసెన్సు అంటే అలాంటి షరతే. 21వ అధికరణం ఇచ్చిన జీవించే హక్కులో బతుకుదెరువు కూడా భాగమేనని 1985లో బొంబాయి ఫుట్‌పాత్ వాసుల కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఈ హక్కులకు భంగం కలిగి, అధికారులు తమ విధి తాము చేయకపోతే "చేయండి" అని ఆదేశించే అధికారం 226వ అధికరణం కింద హైకోర్టుకు ఉంది. పోలీసు రక్షణ ఉత్తర్వులు వచ్చేది ఈ దారిలోనే.

అయితే అక్కడ కోర్టు ఏం చూస్తుందో మనం తెలుసుకోవాలి. లైసెన్సు గడువులోపల ఉందా? పోలీసులకు ముందుగా రాతపూర్వకంగా చెప్పుకున్నారా? వాళ్ళు ఏమీ చేయలేదని చూపించగలరా? అడ్డుకుంటున్నవాళ్ళకు చట్టబద్ధమైన అభ్యంతరం ఏదైనా ఉందా? చాలాసార్లు ఉత్తర్వు కూడా మనం అనుకున్నంత పెద్దగా ఉండదు. "ఆమె ఇచ్చిన దరఖాస్తును పరిశీలించి చట్టప్రకారం చర్య తీసుకోండి" అన్నంత చిన్న వాక్యం ఉండొచ్చు. పొద్దుగూకులూ దుకాణం ముందు కానిస్టేబుల్ కుర్చీ వేసుకుని కూర్చుంటాడనుకుంటే పొరపాటు.

ఇంకో హద్దు కూడా ఉంది. పోలీసు రక్షణ పేరుతో అసలు హక్కు ఎవరిదనే సివిల్ తగాదాను దొడ్డిదారిన తేల్చుకోవడం కుదరదని 2006లో కేరళ నుంచి వచ్చిన ఒక కేసులో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది. మడిగె యజమానికీ మనకూ అద్దె తగాదా ఉంటే, ముందు సివిల్ కోర్టుకే పోవాలి. అక్కడ ఇంజంక్షన్ తెచ్చుకోవాలి. మన హైకోర్టే ఉమ్మడి రాష్ట్రంలో, 1971లో అచ్చయిన ఒక తీర్పులో, ఇంజంక్షన్ అమలుకు పోలీసు సాయం ఇమ్మని ఆ సివిల్ కోర్టే ఆదేశించొచ్చని చెప్పింది. 1982లో అచ్చయిన మరో తీర్పు హైదరాబాద్ సంతోష్‌నగర్ పోలీసు స్టేషన్‌కు సంబంధించింది. సివిల్ కోర్టు ఉత్తర్వు అమలుకు సాయం చేయమని పోలీసులను హైకోర్టు ఆదేశించగలదని అందులో తేల్చింది. అంటే ఏమిటి? ప్రతిదానికీ హైదరాబాద్ పరుగెత్తక్కర్లేదు. కొన్ని తగాదాలకు మన ఊరి కోర్టులోనే మందుంది. 2022లో జిల్లాకో జిల్లా కోర్టు వచ్చాక వికారాబాద్‌కూ అది దక్కింది.

ముఖ్యమంత్రి చెబితేనా?

2024 జనవరిలో హైదరాబాద్‌లో జరిగింది మీకు గుర్తుండే ఉంటుంది. మాదాపూర్ దగ్గర రోడ్డు పక్కన భోజనాలు అమ్మే కుమారి ఆంటీకి వీడియోల పుణ్యమా అని పేరొచ్చింది. జనం ఎగబడ్డారు, ట్రాఫిక్ ఆగింది, పోలీసులు అక్కడ అమ్మకం ఆపించారు. గొడవైంది. చివరికి ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి కలగజేసుకుని, ఆమెను అక్కడే అమ్ముకోనివ్వమని అధికారులకు చెప్పారు. జనం హర్షించారు.

ఆమెకు మేలు జరిగింది, మంచిదే. ట్రాఫిక్ పోలీసుల ఇబ్బంది కూడా ఉత్తుత్తిది కాదు. కానీ ఆ వార్త చదివినప్పుడు నాకు తట్టిన ప్రశ్న ఒక్కటే. వీడియోలో కనిపించని ఆంటీల సంగతేమిటి? తాండూరు బస్టాండు దగ్గర మిర్చి బజ్జీలు వేసే ఆమె కోసం ముఖ్యమంత్రి ఫోన్ చేస్తారా? పేరున్నవాళ్ళకు ముఖ్యమంత్రి, డబ్బున్నవాళ్ళకు హైకోర్టు. రెండూ లేనివాళ్ళకు ఎవరు?

వాళ్ళకోసమే చట్టం ఉంది. 2014లో పార్లమెంటు చేసిన వీధి వ్యాపారుల చట్టం. వెండింగ్ సర్టిఫికెట్ ఉండి, అందులోని షరతుల ప్రకారం అమ్ముకునేవాళ్ళను ఏ మనిషీ, పోలీసులూ, మరే అధికారీ అడ్డుకోరాదని దాని 27వ సెక్షన్ చెబుతోంది. "పోలీసులు" అనే మాట కూడా అందులోనే ఉందని గమనించండి. సర్వే పూర్తయి సర్టిఫికెట్లు ఇచ్చేవరకు వీధి వ్యాపారులను తొలగించకూడదని 3వ సెక్షన్‌లో ఉంది. ఎవరు ఎక్కడ అమ్ముకోవాలో చూసే టౌన్ వెండింగ్ కమిటీలో కనీసం నలభై శాతం మంది వీధి వ్యాపారుల ప్రతినిధులే ఉండాలి, వాళ్ళలో మూడోవంతు ఆడవాళ్ళు ఉండాలి. మీ ఊళ్ళో ఆ కమిటీ ఉందా? అందులో కూర్చున్న ఆడవాళ్ళెవరో మీకు తెలుసా? ఈ వారమే మున్సిపల్ ఆఫీసులో అడిగి చూడండి.

ఆడవాళ్ళ దుకాణానికి ఇంకో దెబ్బ

మగవాడి దుకాణాన్ని అడ్డుకోవాలంటే డబ్బు గురించో స్థలం గురించో మాట్లాడతారు. ఆడదాని దుకాణాన్ని అడ్డుకోవాలంటే ఆమె గురించే మాట్లాడతారు. "అక్కడ మగవాళ్ళు గుమిగూడుతున్నారు", "రాత్రి తొమ్మిదైనా తెరిచే ఉంచుతుంది", "ఆ బ్యూటీ పార్లర్‌లో ఏం జరుగుతుందో ఎవరికి తెలుసు?" ఇలాంటి మాటకు రుజువు అక్కర్లేదు. ఎఫ్ఐఆర్ ఉండదు, సాక్షి ఉండడు. గల్లీ అంతా తిరిగి ఇంట్లోకే వస్తుంది. అప్పుడు అడ్డుకునేది బయటివాళ్ళు కాదు, భర్తో అన్నో. "ఎందుకొచ్చిన గొడవ, మూసెయ్. మనకు మర్యాద ముఖ్యం."

నిజానికి బెదిరించేవాళ్ళకు కావాల్సింది ఇదే. వాళ్ళు షట్టర్ దించనక్కర్లేదు, మనచేతే దింపిస్తారు. ఇలాంటి సమయంలో ఒక పోలీసు జీపు దుకాణం ముందు ఐదు నిమిషాలు ఆగి, "ఈమెకు లైసెన్సు ఉంది, ఎవరైనా అడ్డొస్తే కేసు కడతాం" అని నలుగురి ముందూ చెబితే ఎంత తేడా వస్తుందో చూడండి! బయటివాళ్ళ నోళ్ళూ మూతపడతాయి, ఇంట్లోవాళ్ళ భయమూ తగ్గుతుంది. ఆ ఐదు నిమిషాల విలువ హైకోర్టు ఉత్తర్వు కంటే తక్కువేమీ కాదు.

"జనం ఒప్పుకోవడం లేదమ్మా, శాంతిభద్రతల సమస్య వస్తుంది, నువ్వే కొన్నాళ్ళు మూసుకో" అని చెప్పే అధికారులున్నారు. గొడవ చేసేవాళ్ళను వదిలేసి గొడవ పడేవాళ్ళను ఆపడం సులువు కాబట్టి. ఈ సాకును సుప్రీంకోర్టు ఎప్పుడో తోసిపుచ్చింది. 1989లో ఒక తమిళ సినిమా ప్రదర్శన మీద తగాదా వచ్చినప్పుడు, గుంపును అదుపు చేయలేమని ప్రభుత్వం చేతులెత్తేయకూడదని, స్వేచ్ఛను కాపాడటం దాని విధి అని చెప్పింది. అది సినిమా సంగతే కావచ్చు. కానీ సెన్సారు సర్టిఫికెట్ ఉన్న సినిమాకు వర్తించిన న్యాయం, మున్సిపల్ లైసెన్సు ఉన్న రొట్టెల పొయ్యికి ఎందుకు వర్తించకూడదు?

మరి సారా దుకాణం సంగతేమిటి?

ఇక్కడ మీలో కొందరు నన్ను నిలదీస్తారని తెలుసు. "లైసెన్సు ఉంటే చాలు, పోలీసులు కాపాడాలంటున్నావు. మరి సారా దుకాణానికీ లైసెన్సు ఉండేదిగా? నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్ళు చేసింది తప్పా?" అని.

మంచి ప్రశ్న. 1990ల మొదట్లో దూబగుంటలో రోశమ్మ, ఆమె తోటి స్త్రీలు మొదలుపెట్టిన పోరాటం మన ఆడవాళ్ళందరికీ గర్వకారణం. అక్షరాలు నేర్చుకుంటూ తమ బతుకుల గురించి మాట్లాడుకున్న స్త్రీలు వాళ్ళు. సారా దుకాణాలు మూయించారు. వేలంపాటలు జరగనివ్వలేదు, అవి మళ్ళీ మళ్ళీ వాయిదా పడ్డాయి. ఆ దుకాణాలు లైసెన్సు ఉన్నవే.

అప్పుడు లైసెన్సును కాదన్నాం, ఇప్పుడు లైసెన్సును కాపాడమంటున్నాం. మనది రెండు నాల్కల ధోరణా? నేనలా అనుకోను. మొదటిది, మద్యం అమ్మడం రొట్టెలు అమ్మడం లాంటి హక్కు కాదు. మద్యం వ్యాపారం ఎవరికీ ప్రాథమిక హక్కు కాదని ఖోడే డిస్టిలరీస్ కేసులో సుప్రీంకోర్టు తేల్చి చెప్పింది. రెండోది ఇంకా ముఖ్యం. నెల్లూరు స్త్రీలు చివరికి ఎవరితో పోరాడారు? లైసెన్సు పుచ్చుకున్నవాడితో ఆగిపోలేదు. లైసెన్సు ఇచ్చే ప్రభుత్వంతో పోరాడారు. చట్టం మారాలన్నారు, మార్పించారు. 1993 అక్టోబర్ నుంచి రాష్ట్రమంతటా సారా నిషేధం వచ్చింది, 1995లో సంపూర్ణ మద్యనిషేధం వచ్చింది. 1997లో దాన్ని సడలించడం వేరే కథ.

తాండూరు అక్క బెంచీ విరగ్గొట్టేవాళ్ళు లైసెన్సు ఇచ్చిన మున్సిపల్ కమిషనర్‌ను ఒక్క మాట అడగరు. ఒక్క అర్జీ పెట్టరు. అందరిలోకీ బలహీనంగా ఉన్న మనిషి మీదికి పోతారు. తేడా అక్కడుంది.

అయినా ఒక మాట ఒప్పుకోవాలి. మనకు నచ్చని దుకాణానికి కూడా చట్టం దృష్టిలో రాళ్ళ దెబ్బల నుంచి రక్షణ ఉంది. రేపు మన వీధిలో వైన్ షాపు పెడితే, గుడికీ బడికీ ఉండాల్సిన దూరం ఉందో లేదో చూసి ఎక్సైజ్ వాళ్ళకు అర్జీ పెడదాం, ధర్నా చేద్దాం, కోర్టుకు పోదాం. అంతేగానీ గుంపు బలంతో మూయించడం మంచిదని ఈరోజు మనం అంటే, రేపు అదే గుంపు మన పార్లర్ ముందు నిలబడినప్పుడు ఏ నోటితో కాదంటాం?

మన దుకాణం వల్ల పక్కింటివాళ్ళకు పొగ, వాసన, మురికినీళ్ళ బాధ ఉంటే, వాళ్ళ అభ్యంతరం న్యాయమైనదే. లైసెన్సు అంటే ఏం చేసినా చెల్లుతుందని కాదు. మున్సిపాలిటీవాళ్ళు వచ్చి చూస్తారు, పొగగొట్టం పెట్టమంటారు, పెట్టాలి. రక్షణ అడిగేవాళ్ళ చేతులు ముందు శుభ్రంగా ఉండాలి.

మరో రాష్ట్రం చెప్పిన పాఠం

కేరళలో "నోక్కుకూలి" అని ఒక జాడ్యం ఉండేది. చూసినందుకు కూలి అన్నమాట. సొంత మనుషులతో సామాను దింపుకున్నా, పక్కన నిలబడి చూసినందుకు హమాలీ సంఘాలవాళ్ళు డబ్బు అడిగేవారు. ఇవ్వకపోతే పని ఆపేవారు. చిన్న వ్యాపారులు పోలీసు రక్షణ కోసం హైకోర్టుకు పోతూనే ఉండేవారు. 2018 మే 1 నుంచి ప్రభుత్వం దాన్ని నిషేధించింది. అయినా 2021లో ఆ హైకోర్టు మళ్ళీ గట్టిగా మాట్లాడాల్సి వచ్చింది. దీన్నిబట్టి ఏం తెలుస్తోంది? ఒక్కొక్కరికీ ఒక్కొక్క ఉత్తర్వు ఇచ్చుకుంటూ పోతే జబ్బు నయం కాదు. మొదటి ఫిర్యాదు వచ్చిన రోజే, ఆ చోటనే పోలీసు కదిలితేనే నయమవుతుంది.

ఏం చేస్తే బాగుంటుంది?

ఇది పెద్ద ఖర్చుతో కూడిన పని కాదు. మున్సిపాలిటీ ఇచ్చిన లైసెన్సుల జాబితా ఆ పరిధిలోని పోలీసు స్టేషన్లో ఉండాలి. ఫిర్యాదు రాగానే "నీకు లైసెన్సు ఉందా?" అని ఆమెను నాలుగుసార్లు తిప్పకుండా అక్కడే చూసుకోవచ్చు. ఫిర్యాదు తీసుకోకపోతే ఎందుకు తీసుకోలేదో రాసివ్వాలి. నోటితో "సివిల్" అని పంపేయడం సులువు, సంతకం పెట్టి ఆ మాట రాయడం అంత సులువు కాదు. వికారాబాద్ జిల్లా అధికారులు ఈ రెండు పనులు మొదలుపెడితే, మిగతా జిల్లాలు చూసి నేర్చుకుంటాయి.

ఇక మన వంతు. లైసెన్సు గడువు తేదీ వంటింటి క్యాలెండర్ మీద రాసిపెట్టుకోండి. గడువు దాటిన లైసెన్సుతో ఏ కోర్టుకు పోయినా మొదటి ప్రశ్నకే తల దించుకోవాల్సి వస్తుంది. కాగితాలన్నీ రెండేసి జిరాక్సులు తీయించి ఒక సెట్టు ఇంట్లో, ఒక సెట్టు దుకాణంలో ఉంచండి. ఎవరు, ఏ రోజు, ఎన్నింటికి, ఏమన్నారో నోటు పుస్తకంలో రాయండి. ఫోటో తీయగలిగితే తీయండి. ఫిర్యాదు నోటిమాటగా వదలకండి, రాసివ్వండి, ముట్టినట్టు సంతకమో ముద్రో తీసుకోండి. ఇవ్వనంటే స్పీడ్ పోస్టులో పంపండి, ఆ రసీదే రేపు కోర్టులో మీ సాక్షి.

స్టేషన్‌కు ఒక్కరే పోకండి. పొదుపు సంఘాలు లోన్ల కోసమే కాదు, ఇలాంటప్పుడు పక్కన నిలబడటానికి కూడా. సంఘంలోని పదిమందీ కలిసి పోతే "ఆడమనిషివి" అనే మాట ఎవరి నోటా రాదు.

వకీలుకు డబ్బుల్లేవని ఊరుకోకండి. 1987 నాటి న్యాయసేవల అధికార సంస్థల చట్టం ప్రకారం ఆడవాళ్ళకు, ఆదాయం ఎంతున్నా, ఉచిత న్యాయసాయం పొందే హక్కు ఉంది. ఇది చాలామందికి తెలియదు. జిల్లా కోర్టు ఆవరణలో జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉంటుంది. 15100 నంబరుకు ఫోన్ చేసినా దారి చెబుతారు. హైకోర్టుకు పోవాల్సి వచ్చినా అక్కడా ఈ సాయం ఉంది.

ఒక ఆడమనిషి లైసెన్సు తీసుకుందంటే ఆమె దొంగచాటుగా కాకుండా, పద్ధతిగా బతుకుతానని ప్రభుత్వానికి మాటిచ్చిందన్నమాట. ఫీజు కట్టి, తనిఖీకి ఒప్పుకుని, షరతులకు తలవంచి మాటిచ్చింది. ఆమె మాట నిలబెట్టుకుంటోంది. ప్రభుత్వం కూడా తన మాట నిలబెట్టుకోవాలి. అదీ మూసీ ఒడ్డున ఉన్న హైకోర్టులో కాదు, మన ఊరి ఠాణాలో, ఫిర్యాదు ఇచ్చిన రోజే. ఏమంటారు?